కళ్లు మూసుకుని విన్న నిర్మాత

మొన్న శనివారం పొద్దున బాల్కనీలో బట్టలు ఆరేస్తుంటే ఆయన కూతురి దగ్గర్నుంచి మెసేజ్ వచ్చింది. "నాన్న వెళ్లిపోయారు. బుధవారం పదకొండుకి ఫ్యూనరల్ సర్వీస్. ఆయన కెరీర్ గురించి నీకు తెలిసినంత ఇక్కడ ఇంకెవరికీ తెలీదు. ఒక రెండు నిమిషాలు మాట్లాడతావా కరుణా?"

తడి దుప్పటి భుజం మీద వేసుకుని అది రెండుసార్లు చదివాను. నాలుగేళ్లుగా నేను ఆ ఇంటికి వెళ్లలేదు. సిడ్నీలో వాళ్లుండే ద పాండ్స్ వైపు పని పడితే ఆ వీధి రాకుండా చుట్టూ తిరిగి వెళ్లేదాన్ని.

ఆయన పేరు ఇక్కడ రాయను. రాసినా చాలామంది గుర్తుపట్టరు. హిందీ సినిమా మొదట్లో దేవుడి బొమ్మ చూపించాక, హీరో పేరు పడేలోపు, తెర మీద ఒక పేరు పడుతుంది. అప్పటికి జనం ఇంకా సీట్లు వెతుక్కుంటూ ఉంటారు. ఆ పేరు ఆయనది. ముప్ఫై అయిదేళ్ల పాటు అలా పడింది.

నేను సిడ్నీ వచ్చిన రెండో సెమిస్టర్‌లో హారిస్ పార్క్‌లో ఒక సరుకుల కొట్టు గోడమీద కాగితం చూశాను. ఒక పెద్దాయన ఆత్మకథ టైపు చెయ్యడానికి తెలుగు, హిందీ, ఇంగ్లీషు మూడూ వచ్చినవాళ్లు కావాలని ఉంది. మాది ఒంగోలే అయినా మా నాన్న రైల్వే ఉద్యోగం వల్ల నేను పెరిగింది నాగపూర్‌లో. మూడు భాషలూ వచ్చు. మంగళ, గురువారాలు మధ్యాహ్నం యూనిలో క్లాసులు లేవు. ఫోన్ చేశాను. ఆయన కూతురు తీసింది. ఆవిడకి సిటీలో ఒక బ్యాంకులో పెద్ద ఉద్యోగం. "నువ్వు టైపు చేసినా చెయ్యకపోయినా పర్లేదు. హి నీడ్స్ సమ్‌వన్ టు టాక్ టు," అంది. అప్పుడు అది ఒక కూతురి బాధగానే వినపడింది నాకు.

ఇంటి గరాజే ఆయన ఆఫీసు. కార్లు ఎప్పుడూ బయటే ఉండేవి. ఒక పక్క గడ్డి కోసే మెషీను, ఇంకో పక్క కవరు కప్పిన బార్బెక్యూ పొయ్యి, వాటి మధ్య ఒక టేబులూ రెండు కుర్చీలూ. ఇంట్లో పెట్టుకోవడానికి కూతురు ఒప్పుకోని పోస్టర్లన్నీ అక్కడ గోడల మీద ఉండేవి. రోలర్ డోర్ సగం పైకెత్తి, వీధికి ఎదురుగా కూచునేవారు, ఇంకాసేపట్లో ఎవరో రాబోతున్నట్టు. తెల్ల ఫుల్ హ్యాండ్స్ చొక్కా, తెల్ల ప్యాంటు, పాలిష్ పెట్టిన బూట్లు. తన ఇంటి గరాజులోకి రావడానికి రోజూ బూట్లు వేసుకునే మనిషిని నేను ఇంకెక్కడా చూడలేదు.

"నమస్తే అంకుల్," అన్నాను మొదటిరోజు.

"అంకుల్ అనకు. సినిమాలో అంకుల్ అంటే హీరోయిన్ స్నేహితురాలి తండ్రి. మూడు సీన్లు, ఒక్క క్లోజప్ ఉండదు. సార్ అను."

"సరే సార్."

"ఒంగోలన్నావట. మరి నాగపూర్ ఎందుకెళ్లారూ? ఎవరితోనన్నా గొడవా?"

"లేదు సార్, ట్రాన్స్‌ఫర్."

"ప్చ్," అన్నారు.

పదిహేడేళ్లప్పుడు గోదావరి పక్క పల్లె నుంచి బొంబాయి వెళ్లారాయన. ఆయన తెలుగు ఆ పదిహేడేళ్ల దగ్గరే ఆగిపోయింది. కాలవ గట్టూ గోళీలాటా మాస్టారి బెత్తమూ అయితే గడగడా చెప్పేవారు. ఫ్రిజ్జు గురించో బ్యాంకు గురించో చెప్పాలంటే హిందీలోకి దిగేవారు. కూతురితో పోట్లాట మాత్రం ఇంగ్లీషులో. కోపమొస్తే బడిపిల్లల తిట్లు తిట్టేవారు. డెబ్భై ఎనిమిదేళ్ల మనిషి ఫోన్ మోగకపోతే దాన్ని చూసి "పోవే దొంగమొహమా" అంటుంటే నవ్వు ఆపుకోవడం కష్టమయ్యేది.

బొంబాయిలో ఆయన మొదటి పని కథ చెప్పడం. మద్రాసులో ఆడిన తెలుగు సినిమాలు చూసి, వాటిని హిందీలో తియ్యాలనుకునే నిర్మాతల ముందు కూచుని సీను సీనూ చెప్పాలి. ఆయన చెప్పింది విని హక్కులు కొనేసి, తర్వాత అసలు సినిమా చూసి, "మీరు చెప్పినట్టు లేదే" అని నిర్మాతలు దెబ్బలాడేవారట. అలా పదేళ్లు ఊళ్లోవాళ్ల కథలు చెప్పి చెప్పి చివరికి తనే నిర్మాత అయ్యారు. ఇరవై రెండు సినిమాలు తీశారు. "నాలుగు ఆడాయి. ఆరు ఆడినట్టు నటించాయి. మిగతావాటిని ఇంటివాళ్లు చూశారు," అనేవారు.

కానీ ఆయన గొప్పతనం చెప్పడంలో లేదు, వినడంలో ఉంది. అది చెప్పకపోతే ఆయన గురించి ఏమీ చెప్పనట్టే.

ఎదుటివాళ్లు మాట్లాడుతుంటే కళ్లజోడు తీసి టేబుల్ మీద పెట్టేవారు. కుడి బొటనవేలు గడ్డం కింద ఆనించుకునేవారు. మొదట కళ్లు తెరిచే ఉండేవి. మాట్లాడేవాళ్ల కథలో ఏదో ఒకటి తగిలిందంటే మెల్లగా కళ్లు మూసుకునేవారు. ఇక అక్కడ్నుంచి ఆయన కదిలేవారు కాదు. మధ్యలో ఎప్పుడో, కళ్లు మూసుకునే, ఒక్క మాట అనేవారు. "ఇంటర్వెల్."

ఒకరోజు పార్సిల్ తెచ్చినతను, టాంగా దేశంవాడు, భుజం మీద పెట్టెతో నిలబడ్డాడు. ఆయన వచ్చీరాని ఇంగ్లీషులో "యూ, బ్రదర్, సిస్టర్, హౌ మెనీ?" అని మొదలుపెట్టారు. పది నిమిషాల్లో ఆ మనిషి పెట్టె దించి, దాని మీదే కూచుని, సముద్రంలోకి వెళ్లి తిరిగిరాని తమ్ముడి సంగతి చెబుతున్నాడు. ఆ రోజు పడవలో తను ఉండాల్సిందట, జ్వరం వచ్చి తమ్ముణ్ణి పంపాడట. "హియర్ ఇంటర్వెల్," అన్నారు సార్, కళ్లు మూసుకునే. అతనికి ఏం అర్థమైందో గానీ మొహం చేతుల్లో పెట్టుకుని కాసేపు అలాగే ఉండిపోయాడు. వెళ్లేటప్పుడు ఆయన చెయ్యి రెండు చేతులతో పట్టుకున్నాడు.

అది చూసి నాకు గౌరవం పెరిగింది. నిజం చెప్పాలంటే అసూయ కూడా కలిగింది. అప్పటికి నాలుగు నెలలుగా వస్తున్నా, నా మాటలకి ఆయన ఒక్కసారి కూడా కళ్లు మూసుకోలేదు. మా నాన్న సంగతి చెప్పాను. నాగపూర్ క్వార్టర్లు, అమ్మ ఆపరేషను, ఇక్కడికొచ్చిన కొత్తలో ట్రైన్‌లో ఏడ్చిన రోజు, అన్నీ చెప్పాను. మర్యాదగా విన్నారు.

"మంచి కుటుంబం," అన్నారు. "నీలో సినిమా లేదమ్మాయ్."

నవ్వుతూనే అన్నారు. నేనూ నవ్వాను. ఆ రాత్రి అన్నం తినబుద్ధి కాలేదు.

మూడో అధ్యాయం టైపు చేస్తున్నప్పుడు ఆయన మొదటి హిట్ కథ ఎక్కడిదో చెప్పారు. బొంబాయిలో కింది వాటాలో ఒక వితంతువు ఉండేదట. సాయంత్రాలు బియ్యం ఏరుకుంటూ, భర్త బతికుండగా తను పడ్డ బాధలు చెప్పుకునేదట. ఆయన మెట్ల మీద కూచుని వినేవారట. అదే సినిమా అయింది.

"ఆవిడ చూశారా సార్?"

"చూసింది."

"ఏమన్నారు?"

"ఏవీ అనలేదు. ఇల్లు ఖాళీ చేసి వెళ్లిపోయింది." అని పెద్దగా నవ్వారు. "రాసుకో, రాసుకో. చాప్టర్ ఇక్కడ అయిపోతుంది."

నేనూ నవ్వుతూ రాసుకున్నాను.

ఇక్కడ శైలజ సంగతి చెప్పాలి. అది ఆమె అసలు పేరు కాదు. వెస్ట్‌మీడ్‌లో ఇద్దరం ఒక ఫ్లాట్‌లో ఉండేవాళ్లం. సూర్యాపేట పక్క ఊరు వాళ్లది. నర్సింగ్ చదువుతూ, వృద్ధుల హోమ్‌లో పని చేసేది. నాకన్నా రెండేళ్లు పెద్దది. నాకు జ్వరమొస్తే డ్యూటీకి సెలవు పెట్టి పక్కన కూచున్న మనిషి. ఆమె గురించి ఇప్పటికే తెర మీదికెక్కిన సంగతి ఎంతో అంతవరకే చెబుతాను.

నేను రాకముందే, ఆమె ఇక్కడికొచ్చిన మొదటి ఏడు, వాళ్ల నాన్న హఠాత్తుగా పోయాడు. తమ్ముడు టికెట్ బుక్ చేస్తానన్నాడు. వీసా రెన్యువల్‌లో ఉంది, ఇప్పుడు దేశం దాటితే తిరిగి రానివ్వరు అని చెప్పింది. అది అబద్ధం. వీసా బాగానే ఉంది. దహనం ఆమె హోమ్‌లోనే ఉండి ఫోన్‌లో చూసింది. స్నానాల గదిలో చేతి తొడుగుల డబ్బాకి ఫోన్ ఆనించి పెట్టి, అది అయ్యేదాకా నిలబడి చూసి, ఫోన్ జేబులో పెట్టుకుని, అదే గదిలో తన కోసం ఎదురుచూస్తున్న ఒక ముసలాయనకి స్నానం చేయించింది.

నాకు ఇది చెప్పినరోజు నేను అడిగాను, వెళ్లి ఉండొచ్చు కదా అని.

"నన్ను పంపినోడే మా నాయిన," అంది. "మేనమామలు వద్దన్నరు, అమ్మ వద్దన్నది, ఒక్క మా నాయిన పట్టుబట్టి పంపిండు. ఆయినే పోయినంక నేను ఇంటికి వోతే మళ్ల నన్ను పంపేదెవరు? సంబంధం చూసి పెట్టుకొని కూసున్నరు వాళ్లు. అమ్మ చుట్టాలందరికి చెప్పుకుంటది, నా బిడ్డ రాలేకపోయింది, గవర్నమెంటు ఆపింది అని. ఈ ముచ్చట నీకు దప్ప ఎవ్వరికి చెప్పలె కరుణా."

ఒక శనివారం ఆయన కూతురు మెల్‌బోర్న్ వెళ్లాల్సి వచ్చి, సార్‌ని హెలెన్స్‌బర్గ్ గుడికి తీసుకెళ్లమని కారు తాళాలు నాకిచ్చింది. నేను చర్చికి వెళ్లేదాన్ని. ఆయన గుడికి వెళ్లేది దేవుడి కోసం కాదు. అయిదు నిమిషాల్లో దర్శనం ముగించి క్యాంటీన్‌లో కూచునేవారు. పులిహోర తింటూ జనాన్ని చూడటమే ఆయనకి పండగ. ఆ రోజు బయట బెంచీ మీద కూచున్నాం. పక్క చెట్ల మీద కాకటూ చిలకలు గొంతు చించుకుంటున్నాయి. ఆయన దిగులుగా ఉన్నారు. బొంబాయి నుంచి మూడు నెలలుగా ఒక్క ఫోన్ కూడా రాలేదు.

"అందరూ నా కథలు విన్నారు. నాకు ఒక్కరూ కథ చెప్పట్లేదు," అన్నారు. "నీ దగ్గర ఏవీ లేదు కదా అమ్మాయ్."

అప్పుడు చెప్పేశాను. ఎందుకు చెప్పానో అప్పుడు అడిగి ఉంటే, ముసలాయన దిగులు పోగొట్టడానికి అనేదాన్ని. అది కాదు. ఆయన కళ్లు మూసుకోవాలి. నేను చెబుతుంటే మూసుకోవాలి.

చేతి తొడుగుల డబ్బా దగ్గరికి వచ్చేసరికి మూసుకున్నారు. పులిహోర ప్లేటు ఒళ్లో అలాగే ఉండిపోయింది. ముసలాయనకి స్నానం అన్నచోట ఆయన రెప్పల కింద నుంచి నీళ్లు కారాయి. "ఇంటర్వెల్," అన్నారు. నా జన్మలో ఏ పరీక్ష పాసైనప్పుడూ అంత గర్వం కలగలేదు.

వెంటనే భయం వేసింది. "ఎవరికీ చెప్పకండి సార్. వాళ్లమ్మకి తెలిస్తే ఆ పిల్ల బతకలేదు."

ఆయన గొంతు మీద చెయ్యి వేసుకున్నారు. "అమ్మతోడు," అన్నారు, ఆ పదిహేడేళ్ల తెలుగులో.

ఆ మంగళవారం ఆత్మకథ ముట్టుకోలేదు. ప్రశ్నలు అడిగారు. యూనిఫాం ఏ రంగు? ఫోన్ అడ్డంగా పెట్టిందా, నిలువుగానా? స్నానం చేయించేటప్పుడు ఆ ముసలాయన ఏమన్నా మాట్లాడాడా? నాకు తెలియనివి శైలజని అడిగాను. వంటింట్లో ఉల్లిపాయలు తరుగుతూ, ఏదో మాట మీద మాట వచ్చినట్టు అడిగాను. "ఆ రోజు ఆ తాతేమన్నా అన్నాడా నీతో?" అని. ఆమె ఏ అనుమానమూ లేకుండా చెప్పింది. "నీళ్లు చాలా వేడిగున్నయ్ బిడ్డా అన్నడు. నేను చూసుకోలె." గురువారం అది తీసుకెళ్లి సార్‌కి చెప్పాను.

జూన్‌లో ఆయన బొంబాయి వెళ్లారు. కంటి ఆపరేషనని చెప్పారు. "వచ్చాక పుస్తకం పూర్తి చేద్దాం," అన్నారు. నేను పెట్టిన మెసేజ్‌లకి మొదట్లో బొటనవేలి బొమ్మ వచ్చేది. తర్వాత అదీ ఆగిపోయింది. పెద్దవాళ్లు, వాళ్ల ఊరు వెళ్లారు, మనం ఎందుకు గుర్తుంటాం అనుకున్నాను.

ఏడాది గడిచింది. నా చివరి సెమిస్టర్. ఒక ఆదివారం చర్చి నుంచి మధ్యాహ్నం ఇంటికొచ్చేసరికి శైలజ మంచం మీద కూచుని ఉంది. పొద్దున డ్యూటీకి తయారైన యూనిఫాంలోనే ఉంది. వెళ్లలేదు.

"కరుణా, కూసో," అంది. కూచున్నాను.

"మా తమ్ముడు ఫోన్ చేసిండు పొద్దుగాల. రాత్రి ఇంట్ల అందరు కూసొని సినిమా చూసిండ్రంట. హిందీదే, తెలుగుల మాట్లాడుతరంట. అండ్ల ఒక పంజాబీ పిల్ల ఉంటదంట. సిడ్నీల ఉంటదంట. ముసలోల్లకు తానం పోస్తదంట."

చేతిలో ఉన్న బైబిల్ మంచం మీద పెట్టాను.

"వాళ్ల నాయిన చచ్చిపోతే, వీసా లేదని ఇంటికి అబద్ధం చెప్తదంట. చేతి తొడుగుల డబ్బాకు ఫోన్ ఆనిచ్చి చూస్తదంట. ముసలాయిన అంటడంట, నీళ్లు వేడిగున్నయ్ బిడ్డా అని." ఆమె గొంతు ఎక్కడా పెరగలేదు. "తమ్మునికి ఏం తెల్వదు. నవ్వుకుంట అడిగిండు, అక్కా, గిది అచ్చం నీ లెక్కనే ఉన్నది, వీసా ముచ్చట తోని సహా అని. నేను కాదు అనాలె కద? నోరు రాలె. ఒక్క నిమిషం ఏం మాట్లాడలె నేను. ఫోన్ స్పీకర్ల ఉండె. అమ్మ పక్కనే ఉన్నది."

"శైలక్కా…"

"ఎవరికి చెప్పినవ్?"

"సార్‌కి."

"ఎందుకు?"

సమాధానం కోసం వెతికాను. ఉన్నది ఒక్కటే కనపడింది. "ఆయన బాగా వింటారని."

"నేను గూడ గందుకే చెప్పిన నీకు," అంది.

తర్వాత ల్యాప్‌టాప్ తెచ్చి నా పక్కన పెట్టింది. ఇద్దరం కలిసి ఆ సినిమా చూడాలని పట్టుబట్టింది. నేను వద్దంటే వినలేదు. రెండు గంటలు ఒకే మంచం మీద కూచుని చూశాం. బాగా తీశారు. అది కూడా చెప్పాలి. నేను గుడి బయట బెంచీ మీద వాడిన మాటలు కొన్ని అలాగే ఉన్నాయి. చివర్లో ఆ పంజాబీ పిల్ల విమానం ఎక్కి ఊరు వెళ్తుంది. తల్లి కాళ్ల మీద పడుతుంది. తల్లి లేవనెత్తి కౌగిలించుకుంటుంది. పేర్లు పడుతుంటే శైలజ ల్యాప్‌టాప్ మూసేసింది.

"సినిమాల అమ్మ మాఫ్ చేసింది," అంది. "మా అమ్మ ఫోన్ పెట్టేసింది."

రెండు వారాల్లో ఆమె దూరంగా ఒక చిన్న ఊరి ఆసుపత్రిలో ఉద్యోగం చూసుకుని వెళ్లిపోయింది. వెళ్లేముందు నన్ను తిట్టలేదు. అది ఇంకా కష్టంగా ఉండింది. వంటింట్లో తన గిన్నెలూ నా గిన్నెలూ వేరు చేసి పెట్టింది. స్టేషన్ దాకా వస్తానంటే వద్దంది.

సార్ తిరిగొచ్చారని తెలిసి, ఒక మంగళవారం మధ్యాహ్నం, ఎప్పుడూ వెళ్లే వేళకే ద పాండ్స్ వెళ్లాను. రోలర్ డోర్ సగం ఎత్తి ఉంది. గోడ మీద కొత్త పోస్టరు. నన్ను చూసి ఆయన లేచి నిలబడ్డారు. అంత సంతోషంగా ఆయన్ని ఎప్పుడూ చూడలేదు.

"రా రా అమ్మాయ్! ఎక్కడికి పోయావు? చూశావా?"

"చూశాను సార్."

"ఎల్లా ఉంది?"

"శైలజ కూడా చూసింది."

"ఆ పిల్లా?" కళ్లజోడు తీసేశారు. "చూసిందా? ఏడ్చిందా?"

నేను బ్యాగ్ కింద పెట్టి కుర్చీలో కూచున్నాను.

"ఎక్కడ ఏడ్చింది? ఫోన్ సీన్‌లోనా, ఎయిర్‌పోర్టులోనా? నేను ఎయిర్‌పోర్టన్నాను. డైరెక్టర్ ఫోన్ సీనే అంటాడు."

"మీరు ఒట్టు పెట్టారు సార్."

"పెట్టాను. పేరు ఎక్కడన్నా వచ్చిందా? ఊరు మార్చాం. పంజాబీ పిల్లని చేశాం. ఇంకేం మార్చను చెప్పు."

"డబ్బా మార్చలేదు. ముసలాయన మాట మార్చలేదు."

ఆయన నిజంగానే ఆలోచించారు. గడ్డం కింద బొటనవేలు పెట్టుకుని, నా ఫిర్యాదుని చాలా శ్రద్ధగా ఆలోచించారు. "అవి మార్చకూడదమ్మాయ్," అన్నారు మెత్తగా. "అవి పోతే సీను పోతుంది."

దారి పొడుగునా కూడబలుక్కున్న మాటలన్నీ మర్చిపోయాను. "వాళ్లమ్మ మాట్లాడటం మానేసింది సార్," అన్నాను. "రెండేళ్లు చుట్టాలందరి ముందూ కూతుర్ని వెనకేసుకొచ్చిన మనిషి. ఇప్పుడు ఆవిడ బయటికి రావడం లేదట. శైలజ రోజూ ఫోన్ చేస్తే తమ్ముడు తీసి, అమ్మ పడుకుందని చెబుతున్నాడట. మిట్టమధ్యాహ్నం కూడా పడుకుందనే చెబుతున్నాడట. నా దగ్గర్నుంచి కూడా వెళ్లిపోయింది. ఎక్కడుందో నాకు సరిగ్గా చెప్పలేదు."

చెబుతూ ఏడుస్తున్నాను. తలెత్తి చూశాను. ఆయన కళ్లు మూసుకున్నారు.

ఇన్నాళ్లకి ఈ మనిషికి తగిలింది అనుకున్నాను. ఏమంటారో అని ఎదురుచూశాను. క్షమించు అంటారేమో, తప్పయింది అంటారేమో, కనీసం ఆ తల్లితో నేను మాట్లాడతాను అంటారేమో.

"అచ్ఛా," అన్నారు, కళ్లు తెరవకుండానే. "తర్వాత?"

బ్యాగ్ తీసుకుని లేచాను. నేను లేచిన చప్పుడు ఆయనకి వినపడి ఉండదు. రోలర్ డోర్ కింద నుంచి వంగి బయటికి వచ్చి, వీధి మలుపు తిరిగేదాకా వెనక్కి చూడలేదు. ఆత్మకథ ఏడో అధ్యాయం దగ్గర ఆగిపోయింది.

బుధవారం సర్వీస్‌కి వెళ్లాను. ఎందుకు వెళ్లానో నాకే స్పష్టంగా తెలీదు. పాతికమందికి మించి లేరు. బొంబాయి నుంచి ఎవరూ రాలేదు. ఎవరో నటుడు పంపిన వీడియో వేశారు, అందులో ఆయన పేరు తప్పు పలికాడు. నా వంతు వచ్చినప్పుడు లేచి, గోదావరి పక్క నుంచి వెళ్లి ఊళ్లోవాళ్ల కథలు చెప్పి నిర్మాతైన సంగతి చెప్పాను. నాలుగు ఆడాయి, ఆరు ఆడినట్టు నటించాయి అన్న మాట చెబితే అందరూ నవ్వారు. ఆయనలా వినే మనిషిని నేను మళ్లీ చూడలేదు అన్నాను. అది నిజమే. అంతవరకే చెప్పి కూచున్నాను.

తర్వాత అందరం ఇంటికెళ్లాం. జనం పల్చబడ్డాక వంటింట్లో ఆయన కూతురు నాకు టీ పోసి ఇచ్చింది. తెల్ల సల్వార్‌లో అలిసిపోయినట్టుంది. మొహంలో ఏడ్చిన జాడ లేదు.

"బాగా మాట్లాడావు కరుణా. థాంక్యూ. యూ వర్ కైండ్."

నేను కప్పు పట్టుకుని గట్టుకి ఆనుకున్నాను.

"ఆ సినిమా సంగతి నాకు తెలుసు. నువ్వు రావడం మానేసినప్పుడే అర్థమైంది." కప్పు చుట్టూ రెండు చేతులూ పెట్టుకుంది. "నాకు పన్నెండేళ్లప్పుడు క్లాసులో ఒక ఫ్రెండ్ ఉండేది. వాళ్లమ్మ ఇల్లొదిలి వెళ్లిపోయింది. ఎవరికీ తెలీదు, నాకు మాత్రమే చెప్పింది. నేను నాన్నకి చెప్పాను. నెక్స్ట్ ఇయర్ సినిమా వచ్చింది. దాన్ని ఆ స్కూల్ మాన్పించేశారు. అప్పట్నుంచి నేను నాన్నకి ఏదీ చెప్పలేదు. నాట్ వన్ థింగ్. స్కూల్లో ఏం జరిగిందంటే నథింగ్ అనేదాన్ని. కాలేజీలో నథింగ్. నా డివోర్స్ అప్పుడు కూడా నథింగ్."

టీ నోట్లో వేడిగా తగిలింది. కప్పు కింద పెట్టాను.

"మరి నన్నెందుకు పెట్టారు ఆంటీ ఆయన దగ్గర?"

ఆవిడ వెంటనే సమాధానం చెప్పింది, ఎప్పుడో ఆలోచించి పెట్టుకున్నట్టు. "ఎవరో ఒకరు మాట్లాడాలి కదా ఆయనతో. ఇరవైనాలుగు గంటలూ నేను నోరు కట్టుకుని ఇంట్లో తిరగలేను. నువ్వు స్టూడెంట్‌వి. బయటి అమ్మాయివి. నీ దగ్గర ఏముంటుందిలే అనుకున్నాను."

అందులో చెడ్డ ఉద్దేశం లేదు. అలిసిపోయిన మనిషి నిజం చెప్పింది, అంతే. నాలుగేళ్లు ఆయన మీద పెట్టుకున్న కోపం సగం ఎటు తిప్పుకోవాలో తెలియక ఆ వంటింట్లో నిలబడిపోయాను. ఆ కాగితం గోడకి అంటించింది ఆవిడే. ఆ గరాజులో ఏం జరుగుతుందో తెలిసి, నన్ను కూచోబెట్టి, తను నిశ్చింతగా ఆఫీసుకి వెళ్లింది. తన నుంచి తీసుకోవడానికి ఆయనకి ఏమీ మిగల్చకుండా.

"నీ ఫ్రెండ్ ఇప్పుడెలా ఉంది?" అంది ఆవిడ. మనస్ఫూర్తిగానే అడిగింది. "వాళ్ల మదర్‌తో ఏమన్నా… కలిసిందా?"

కిందటి నెల శైలజ ఫోన్ చేసింది. నాలుగేళ్ల తర్వాత మొదటిసారి. నలభై నిమిషాలు మాట్లాడింది.

"తెలీదు ఆంటీ," అన్నాను. కప్పు సింకులో పెట్టి వచ్చేశాను.

శైలజ ఏం చెప్పిందో మీకూ చెప్పను.